సంజాయిషీ వినక విధించు శిక్ష

మందుల దుకాణముల లైసెన్సులను కొంతకాలము నిలిపివేయుచు అధికారులు జారీచేయు ఉత్తరువులును, వానిని రద్దు చేయుమని దుకాణదారులు హైకోర్టున దాఖలు చేయు రిట్టు అర్జీలును మన రాష్ట్రమున క్రొత్త సంగతులు కావు. 2025 మార్చి నెలలో "ఆపరేషన్ గరుడ" యను పేర పోలీసులును, విజిలెన్సువారును, ఔషధ నియంత్రణ శాఖవారును ఏకమై రాష్ట్రమంతటను మందుల దుకాణములను సోదా చేసిరి. మత్తు గొలుపు మందులు డాక్టరు చీటీ లేకయే అమ్ముడుపోవుచున్నవను ఫిర్యాదే యా సోదాలకు కారణము. సోదాలు చేయుట తప్పని మేమనము. సోదాలు లేకపోవుటయే తప్పు. అయితే సోదా ముగిసి అధికారులు బండ్లెక్కి పోయిన తరువాత జరుగవలసిన కార్యమొకటి యున్నది. అది పెద్ద యక్షరముల శీర్షికల కెక్కదు, ఛాయాచిత్రముల కందదు. ఒక నోటీసు, ఒక సంజాయిషీ, ఒక ఉత్తరువు, ఒక అపీలు: ఈ నాలుగు కాగితములే దాని స్వరూపము. దుకాణదారుని జీవనమును, రోగి క్షేమమును గూడ ఈ కాగితముల మీదనే యాధారపడియున్నవని చెప్పుటకే నేడీ విషయమును చేపట్టితిమి.

మన రాజమహేంద్రవరమున మందుల దుకాణము లేని పేట లేదు. పట్టణమునకు వైద్యమునకై కోనసీమనుండియు, మన్యమునుండియు, గోదావరి కావలి యొడ్డునుండియు వచ్చు జనము నిత్యము వేలకొలది. వారిలో డాక్టరు వ్రాసిన చీటీని తాము చదువగలవారు తక్కువ. చీటీలో నేమున్నదో, చేతికి వచ్చిన దేమో సరిచూచుకొను శక్తి లేని మనుష్యుడు దుకాణదారుని నమ్మి డబ్బిచ్చి మందు పుచ్చుకొనుచున్నాడు. బియ్యము చెడినచో వాసన తెలియును. నెయ్యి కల్తీయైనచో రుచి తెలియును. మాత్ర చెడినచో కొనువాని కేమి తెలియును? కావుననే ఈ వర్తకము తక్కిన వర్తకముల వంటిది కాదు. దీనిపై ప్రభుత్వము కన్ను వేసియుండుట న్యాయము, అవశ్యము.

ఈ కన్ను మనకు సులభముగా రాలేదు. ఇరువదవ శతాబ్దపు తొలి దశాబ్దములలో మన దేశమున ఎవడైన ఏ పొడినైన క్వినైనని చెప్పి అమ్ముకొనవచ్చును. మలేరియాతో వణకుచు మన మన్యపు జనులు కొన్న పొట్లములో నున్నది సుద్దయో క్వినైనో తేల్చు చట్టము లేదు. ఆ దుస్థితిపై దేశమున పుట్టిన గోల ఫలితముగా 1930లో కర్నలు చోప్రా అధ్యక్షతన విచారణ సంఘ మేర్పడెను. 1931లో ఆ సంఘము తన నివేదిక నిచ్చినను, దొరతనమువారు దానిని దాదాపు పదియేండ్లు బీరువాలో నుంచి, 1940లో గాని ఔషధ చట్టమును చేయలేదు. ఆ చట్టము క్రింది నియమములు 1945లో వెలువడినవి. అర్హత గల ఫార్మసిస్టులకు రిజిస్టరు నేర్పరచు చట్టము స్వరాజ్యము వచ్చిన పిమ్మట 1948లో వచ్చెను. నేటికిని చిల్లర మందుల దుకాణమున కిచ్చు 20, 21 ఫారముల లైసెన్సులు ఆ 1945 నాటి నియమముల క్రిందనే పుట్టుచున్నవి.

ఈ నియమములు సడలినచో నేమగునో లోకము పలుమారులు చూచినది. 1937లో అమెరికాలో సల్ఫానిలమైడను మందును డైఎథిలీను గ్లైకాలను విషద్రవమున కరగించి అమ్ముటచే నూరుమందికి పైగా మరణించిరి. ఆ చావుల మీదనే 1938లో వారి క్రొత్త చట్టము లేచెను. ఇది ఏనాటి మాటయో యని త్రోసివేయుటకు వీలులేదు. అదే విషము 2025 సెప్టెంబరు, అక్టోబరు మాసములలో మధ్యప్రదేశమున ఛింద్వారా జిల్లాలో దగ్గు మందు రూపమున వచ్చి, ఇరువదిమందికి పైగా పసిబిడ్డలను పొట్టన పెట్టుకొన్నది. పరీక్షలో ఆ మందున నూటికి 48 పాళ్లకు పైగా ఆ విషమే తేలెను. తమిళనాడున దానిని తయారుచేసిన వారి లైసెన్సును అక్టోబరులోనే రద్దు చేసిరి. ఇట్టి సందర్భమున లైసెన్సు నిలుపుట కాదు, కొట్టివేయుటయే కర్తవ్యము. దుకాణదారుల పక్షమున దయాభిక్ష నడుగుటకు మేము కలము పట్టలేదని పాఠకులు గ్రహింతురు గాక.

మా ప్రశ్న వేఱు. శిక్ష వేయు అధికారము గలవాడు ఆ శిక్షను చట్టము చెప్పిన త్రోవను వేయుచున్నాడా లేదా యనునదే మా ప్రశ్న.

చట్టము చెప్పిన త్రోవ చాల స్పష్టము. 1945 నియమములలో 66వది ఇట్లున్నది. లైసెన్సుదారుడు షరతులను గాని చట్టమును గాని మీరెనని లైసెన్సు అధికారి యభిప్రాయపడినచో, అట్టి ఉత్తరువు ఏల చేయరాదో చెప్పుకొనుటకు వానికి ముందుగా అవకాశ మీయవలెను. పిమ్మట కారణములను చూపుచు వ్రాతమూలకముగా ఉత్తరువు చేయవలెను. లైసెన్సును రద్దు చేయవచ్చును, లేక తనకు తోచిన కాలమునకు నిలుపవచ్చును. అట్లు నిలుపుట మొత్తము వ్యాపారమునకైనను కావచ్చును, కొన్ని మందులకు మాత్రమే యైనను కావచ్చును. తప్పు నౌకరు చేసినదై, యజమాని ప్రేరణ గాని కుమ్మక్కు గాని లేదని, వెనుకటి పండ్రెండు నెలలలో అట్టి తప్పు జరుగలేదని, తాను తగిన జాగ్రత్త వహించితినని యజమాని ఋజువు చేయగలిగినచో అతని లైసెన్సును ముట్టరాదని కూడ ఆ నియమమే చెప్పుచున్నది. శిక్షపడినవాడు మూడు నెలలలో రాష్ట్ర ప్రభుత్వమునకు అపీలు చేసికొనవచ్చును.

చిత్రమేమనగా, ఈ నియమమును వ్రాసినది పరాయి దొరతనము. ప్రజల మొఱ వినుట యనునది ఆ దొరతనపు స్వభావము కాదు. 1878 నాటి దేశభాషా పత్రికల చట్టమున మేజిస్ట్రేటు వేసిన వేటుపై న్యాయస్థానమునకు పోవు హక్కే లేకుండెను. అట్టి పాలకులు సయితము మందుల దుకాణదారుని సంజాయిషీ వినకుండ తలుపు మూయరాదని వ్రాసి పోయిరి. మన వారు ఆ మాత్రపు నియమమును పాటింపలేకున్నచో నేమనవలెను?

పాటింపకపోవుట యెట్లుండునో వకీళ్ల నడిగిన చెప్పుదురు. ఇన్‌స్పెక్టరు సోదాకు వచ్చి ఏవేవో వ్రాసికొని పోవును. కొన్నాళ్లకు నోటీసు వచ్చును. అందు "మీరు నియమములను ఉల్లంఘించినారు, మూడు దినములలో సంజాయిషీ చెప్పుకొనుడు" అని యుండును గాని, ఏ మందు, ఏ తేదీ, ఏ బిల్లు, ఏ షరతు అనునది యుండదు. సోదా నివేదిక నకలు జతచేయబడదు. నకలు లేనివాడు దేనికి జవాబు చెప్పును? గాలితో యుద్ధము చేయవలెనా? ఏదో యొక జవాబు వ్రాసి పంపును. అంతట ఉత్తరువు వచ్చును: "సంజాయిషీ తృప్తికరముగా లేదు గనుక లైసెన్సు పదునైదు దినములు నిలుపుదల చేయడమైనది." ఏల తృప్తికరముగా లేదో ఒక్క వాక్యము లేదు. కొన్ని చోట్ల ఆ నోటీసు సయితము లేక ముందు తలుపు మూయించి, తరువాత జవాబడుగుటయు కలదు. అధికారులందఱు ఇట్లు చేయుదురని మేమనుట లేదు. ఓపికతో విచారించి, ప్రతి యభియోగమునకు విడివిడిగా తీర్పు వ్రాయు అధికారులున్నారు. అట్టివారి ఉత్తరువులు కోర్టులో నిలుచుటయు సహజమే.

ఈ తెగ ఉత్తరువులు న్యాయస్థానమున నేల నిలువవో తెలిసికొనుటకు గొప్ప న్యాయశాస్త్ర పాండిత్య మక్కఱలేదు. మన రాజ్యాంగము 19వ అనుచ్ఛేదమున ప్రతి పౌరునకు తనకిష్టమైన వృత్తి వ్యాపారములను చేసికొను హక్కు నిచ్చి, ప్రజాక్షేమమునకై దానిపై సమంజసమైన నిబంధనలను మాత్రమే అనుమతించినది. 1950లోనే, మధ్యప్రదేశపు బీడీ పనివారి వ్యాజ్యమున, నిబంధన అవసరమునకు మించినదైనచో సమంజసము కాదని సుప్రీముకోర్టు తేల్చినది. 1977లో ఫిరోజ్‌పురము ఎన్నికల తగవున, ఉత్తరువులో లేని కారణములను పిదప ప్రమాణపత్రములలో చేర్చి దానికి బలము చేకూర్చుట చెల్లదని ఆ కోర్టే నిర్ణయించెను. 1978 జనవరిలో, ఒక మహిళ పాసుపోర్టును కారణము చెప్పక తీసికొన్న తగవున, పౌరుని స్వేచ్ఛపై చేయివేయునపుడు అనుసరించు పద్ధతి న్యాయమైనదై యుండవలెనని చెప్పెను. 2014లో, ఢిల్లీలో ఒక కావలి కంపెనీని నల్లపట్టీలో చేర్చిన తగవున, సంజాయిషీ నోటీసులో ఆరోపణ మాత్రమే గాక, వేయదలచిన శిక్ష యేమియో కూడ తెలియవలెనని తీర్మానించెను. ఈ తీర్పులలో మందుల దుకాణము పేరు లేదు. అయినను వీనిలోని సూత్రము ఈ ఉత్తరువులన్నింటికి వర్తించును.

అపీలను మార్గముండగా హైకోర్టుకేల పోవలెనని ప్రభుత్వ వకీలు అడుగుట ఆనవాయితీ. ఆ వాదమునకును 1998లో సుప్రీముకోర్టు సమాధానము చెప్పియున్నది. సహజ న్యాయము నుల్లంఘించినపుడును, అధికారి తనకు లేని యధికారమును చెలాయించినపుడును, ప్రాథమిక హక్కు చెడినపుడును, వేఱొక మార్గమున్నదను కారణమున రిట్టు అర్జీని త్రోసిపుచ్చవలసిన పని లేదు.

రిట్టు అర్జీ వేయు ఈ హక్కు మన ఉత్తర సర్కారులవారికి ఎంత యాలస్యముగా దక్కినదో నేటి యువకులకు తెలియదు. పర్లాకిమిడి జమీందారునకును గారబంధ మొదలగు గ్రామముల రైతులకును శిస్తు విషయమై తగవు వచ్చినది. మద్రాసు రెవెన్యూ బోర్డువారి ఉత్తరువును కొట్టివేయుమని రైతులు మద్రాసు హైకోర్టు నాశ్రయించిరి. తగవు చివరకు లండనులోని ప్రివీ కౌన్సిలునకు పోయెను. 1943లో ఆ దొరలిచ్చిన తీర్పేమి? హైకోర్టు వారి సెర్షియొరరీ యధికారము కంపెనీనాటి సుప్రీముకోర్టునుండి సంక్రమించినది. అది మద్రాసు పట్టణపు పొలిమేరలకే గాని గంజాము వంటి జిల్లాలలోని తగవులకు చెల్లదు. బోర్డు మద్రాసులో కూర్చున్నను, తగవు మా సర్కారులది గనుక మాకా ద్వారము మూసికొనిపోయెను! చెన్నపట్టణమున చింతాద్రిపేట వర్తకునకున్న హక్కు రాజమహేంద్రవరపు వర్తకునకు లేదన్నమాట. 1950 జనవరి 26వ తేదీన రాజ్యాంగము అమలునకు వచ్చి, 226వ అనుచ్ఛేదము ప్రతి హైకోర్టునకు తన ప్రాంతమంతటను రిట్టు జారీచేయు అధికార మిచ్చిన నాడు గాని ఆ ద్వారము తెరచుకొనలేదు. ఔషధ చట్టము చేసిన పదియేండ్లకు, నియమములు వెలువడిన యైదేండ్లకు మన ఊరి మందుల దుకాణదారునకు ఆ హక్కు చేతి కందినది.

చేతి కందినదంటిమి గాని, ఆ చేయి చాల దూరము చాపవలసి వచ్చినది. మొదట మద్రాసు. ఆంధ్ర రాష్ట్ర మేర్పడిన పిమ్మట 1954లో గుంటూరు. 1956లో హైదరాబాదు. 2019 జనవరి 1వ తేదీనుండి అమరావతి. నేడు గోదావరి గట్టునుండి బయలుదేరి, కృష్ణ దాటి, నేలపాడు చేరి, వకీలును కుదుర్చుకొని, అర్జీ వ్రాయించి, అది బల్లమీదికి వచ్చువఱకు వేచియుండు వ్యయము పెద్ద దుకాణదారునకు లెక్క కాదు. మారేడుమిల్లి దారిలోనో, లంక గ్రామమునకు పోవు రేవు దగ్గఱనో చిన్న దుకాణము పెట్టుకొన్న వాని మాట వేఱు. వానికి పదునైదు దినముల నిలుపుదలకంటె ఆ పదునైదు దినములను తప్పించుకొనుటకగు ఖర్చే యెక్కువ. కావున వాడు తలయొగ్గి తలుపు మూసికొనును. న్యాయమైన ఉత్తరువునకు తలయొగ్గినను, అన్యాయమైన దానికి తలయొగ్గినను వాని లెక్క పుస్తకమున వ్రాత యొకటే.

ఇచ్చట అపీలు సంగతిని గుఱించి నిలిచి చెప్పవలసియున్నది. అపీలునకు మూడు నెలల గడువున్నది. కాని ఆ అపీలును ప్రభుత్వ మెన్నాళ్లలో తేల్చవలెనో నియమమున లేదు. అపీలు చేసినంత మాత్రమున నిలుపుదల ఆగునని లేదు. పది దినముల నిలుపుదలపై అపీలు సచివాలయమున బల్లనుండి బల్లకు నడచి నిర్ణయమగు నాటికి ఆ పది దినము లెప్పుడో గడచిపోవును. గడచిపోయిన శిక్షను రద్దుచేసిన ప్రయోజన మేమి? దుకాణదారుని పేరుపై మచ్చ పోవుననుట నిజమే. వెనుకటి తప్పులను తరువాతి తప్పునకు బరువుగా తూచు అధికారమున్న చోట ఆ మచ్చ స్వల్పము కాదు. అయినను మూతపడిన దినముల నెవరు తిరిగి యిత్తురు? ఈ లోపము వలననే, అపీలు మార్గమును పట్టవలసిన తగవులు కూడ హైకోర్టు మెట్లెక్కుచున్నవి. కోర్టులలో రద్దీ యని వాపోవు ప్రభుత్వమువారు, ఆ రద్దీని పుట్టించుటలో తమ పాలెంతయో చూచుకొందురు గాక.

ఇంతవఱకు చెప్పినది దుకాణదారుని నష్టము. ప్రజల నష్టము దీనికంటె పెద్దది. దానిని గుఱించి యెవరును మాటాడుట లేదు.

ఒక దుకాణమున మత్తుమందులను నిజముగానే కుఱ్ఱవాండ్రకు అమ్ముచున్నారనుకొందము. అధికారి తొందరపడి, నోటీసు సరిగా నీయక, నకలు జతచేయక, కారణము వ్రాయక లైసెన్సు నిలిపివేసెను. దోషి ధనవంతుడు గనుక మఱునాడే అమరావతికి పరుగెత్తెను. హైకోర్టు చూచునది వాడు దోషియా నిర్దోషియా యని కాదు. ఉత్తరువు చట్టప్రకార మున్నదా లేదా యని. లేదు గనుక స్టే వచ్చును, లేక ఉత్తరువు రద్దగును. మరల నోటీసిచ్చి విచారణ చేసికొమ్మని కోర్టువారు చెప్పుట కలదు. కాని ఆ రెండవ విచారణ నాటికి ఇన్‌స్పెక్టరు బదిలీయై యుండును, సాక్ష్యము చెదరియుండును, దోషి పుస్తకములు దిద్దుకొని యుండును. దుకాణము తెరచి కోర్టే తన్ను నిర్దోషియన్నదని బజారున చెప్పుకొనును. అధికారి చేయని రెండు పేజీల పనికి ఇది ఫలము. నిర్దోషియైన పేదవాడు మూసికొనుట, దోషియైన ధనికుడు తెరచుకొనుట: పద్ధతి తప్పిన శిక్ష ఈ రెంటినే సాధించును. పద్ధతి యనునది దోషికి రక్షణమని తలచు అధికారులు ఈ సంగతి నాలోచింపవలెను.

ప్రమాదము తరుముకొని వచ్చుచుండగా నోటీసులు, సంజాయిషీలు అనుచు కూర్చుందుమా యని యడుగువారు కలరు. వారి ప్రశ్న సహేతుకమే. దానికి చట్టమే జవాబు చెప్పినది. 22వ సెక్షను ప్రకారము అనుమానము గలిగిన సరకును అమ్మరాదని ఇన్‌స్పెక్టరు అప్పటికప్పుడు వ్రాతమూలకముగా ఆజ్ఞాపింపవచ్చును. ఆ యాజ్ఞ 20 దినములవఱకు చెల్లును. సరకును స్వాధీనము చేసికొని మేజిస్ట్రేటునకు తెలుపవచ్చును. నమూనా తీసి పరీక్షకు పంపవచ్చును. పరీక్షకుని నివేదికను త్రోసిపుచ్చదలచినవాడు అది చేరిన 28 దినములలో చెప్పవలెను. అనగా విషమును బజారునుండి తీసివేయు పని ఒక గంటలో చేయవచ్చును. మనుష్యుని శిక్షించు పనికి మాత్రమే కొంత వ్యవధి పట్టును. విషపు సీసాకు నోటీసక్కఱలేదు, మనుష్యున కక్కఱ. ఈ రెంటిని కలగలుపుటయే చిక్కున కంతకు మూలము.

మఱియు ఆ 66వ నియమమున "కొన్ని మందులకు మాత్రమే" యను మాట యున్నదని పైని చెప్పితిమి. ఆ మాట నుపయోగించు అధికారులు అరుదు. మత్తుమాత్రల లెక్క తప్పినచో మత్తుమాత్రల అమ్మకమును నిలుపుడు. మధుమేహపు రోగికి ఇన్సులిను ఏల నిలుపవలెను? ఇన్సులినును రెండు మొదలు ఎనిమిది డిగ్రీల చలిలో దాచవలెను. దానిని దాచి యమ్ము దుకాణము ఊరి కొక్కటియైనచో, ఆ యొక్కటి మూతపడిన పక్షమున ముసలివాడు పదికోసులు పోయి తెచ్చుకొనవలెను, లేదా మానుకొనవలెను. 2012 ఫిబ్రవరిలో అమెరికాలో ఫ్లోరిడా రాష్ట్రపు శాన్‌ఫర్డు పట్టణమున రెండు మందుల దుకాణములు ఆక్సికోడోనను మత్తు మందును అంతులేక అమ్మినవని అచ్చటి అధికారులు ముందు నిలిపి పిమ్మట విచారించిరి. ఆసన్నమైన ప్రమాదమున్నదని చూపగలిగినపుడే అట్లు చేయుటకు వారి చట్ట మనుమతించును. యజమానులు వాషింగ్టను న్యాయస్థానమున ఉత్తరువు నాపుమని వేడి ఓడిపోయిరి. ఆ యేడే పూర్తి విచారణ జరిగి రిజిస్ట్రేషను రద్దయ్యెను. కాని అచ్చట నిలిపినది నియంత్రిత మందుల రిజిస్ట్రేషనును మాత్రమే. తక్కిన మందులకు ఆ దెబ్బ తగులలేదు. దెబ్బ గట్టిదే, గుఱి చూచి కొట్టినది. మన నియమమునను ఆ గుఱికి చోటున్నది గదా!

దుకాణదారులతో గూడ రెండు మాటలు చెప్పక విడువము. అధికారి తప్పులు కోర్టులో మీకు లాభించుటచేత మీ తప్పులు తప్పులు కాకపోవు. గోడకు ఒక ఫార్మసిస్టు సర్టిఫికెటు వ్రేలాడుచుండును. ఆ పేరుగల మనుష్యుడు నెల కొకమారు వచ్చి అద్దె పుచ్చుకొని పోవును. మందు తీసి యిచ్చువాడు నిన్నటివఱకు కిరాణా కొట్టులో పొట్లములు కట్టిన కుఱ్ఱవాడు. ఈ సంప్రదాయ మెఱుగనివాడు మన జిల్లాలో లేడు. చీటీపై నిచ్చు మందును రిజిస్టరైన ఫార్మసిస్టు స్వయముగ గాని, అతని కన్నుల యెదుట గాని ఈయవలెనని నియమముండగా, సర్టిఫికెటును బాడుగకు తెచ్చుట రోగి ప్రాణముతో చేయు జూదము. 2014 మార్చి 1వ తేదీనుండి అమలులోనున్న హెచ్-1 జాబితా మందులకు వేఱు రిజిస్టరుంచి, డాక్టరు పేరు, రోగి పేరు, మందు, పరిమాణము వ్రాసి, మూడేండ్లు భద్రపరుపవలెను. ఎన్ని దుకాణములలో ఆ రిజిస్టరు దినదినము వ్రాయబడుచున్నది? ఎన్నింటిలో సోదా వార్త వచ్చిన రాత్రి ఒక్క సిరాతో మూడు నెలలు నింపబడుచున్నది? క్షయ మందులును, గొప్ప యాంటీబయోటిక్కులును ఆ జాబితాలో నున్నవి. వానిని చిల్లరగా రెండేసి మాత్రలమ్ముట వలన రేపటి రోగమునకు మందే లేకుండ పోవును.

జాగ్రత్తగల యజమానికి నియమము రక్షణ మిచ్చుచున్నదని చెప్పితిమి గదా. ఆ రక్షణ కాగితములపై నాధారపడినది. లైసెన్సుగల టోకు వర్తకునివద్దనే కొన్న బిల్లులుండవలెను. సరకు మంచి స్థితిలో దాచినట్లు నిదర్శన ముండవలెను. అవి యున్నచో, తయారీలోనే కల్తీయైన మందును తెలియక అమ్మిన చిల్లర దుకాణదారుని 19వ సెక్షను కాపాడును. 35వ ఫారము ప్రకారము దుకాణమున సోదా పుస్తక ముంచవలెను; ఇన్‌స్పెక్టరు తాను చూచిన లోపములను అందు వ్రాయవలెను. దుకాణదారు లీ పుస్తకమును భయముతో దాచుటయే గాని, ఇది తమకే సాక్ష్యమని గుర్తింపరు. లోపమేమియో ఆ దినముననే ఆ పుస్తకమున వ్రాయుమని మర్యాదగా కోరుడు. అందు లేని లోపము నెల తరువాత నోటీసులో మొలచినచో, మీ వకీలునకు అంతకంటె మంచి యాయుధము లేదు. నోటీసు వచ్చిన తరువాత ఊరిలోని పెద్దమనుష్యునివద్దకు సిఫారసునకు పరుగెత్తుట మాని, గడువులోపల జవాబు వ్రాయుడు. నకలు లేనిచో నకలు కోరుచు వ్రాయుడు. సిఫారసుతో తెరచిన తలుపు మఱియొక సిఫారసుతో మూయబడును.

లంచపు మాట యెత్తక ఈ వ్యాసమును ముగించినచో పాఠకులు నవ్వుదురు. 1874లో కందుకూరి వీరేశలింగము పంతులుగారు వివేకవర్ధని నారంభించి అధికారుల లంచగొండితనమును బజారున పెట్టిన ఊరు మనది. కారణము వ్రాయనక్కఱలేని ఉత్తరువు బేరమునకు తల్లి. పది దినములా, ముప్పది దినములా, మొత్తమా, కొన్ని మందులా యనునది ఒకని నోటిమాటపై నున్నంతకాలము, ఆ మాటకు ధర పుట్టుట మానదు. కారణము వ్రాయవలసివచ్చిన అధికారి, నేడొకనికి పది దినములు వేసి, అదే తప్పునకు రేపు వేఱొకనికి అఱువది వేయలేడు. వేసినచో రెండు కాగితములును ప్రక్కప్రక్కన పెట్టి చూపవచ్చును. నిజాయితీపరుడైన అధికారికిని ఇది మేలే. పైనుండి వచ్చు ఒత్తిడికి అతడు చూపగల యడ్డము ఆ వ్రాసిన కారణమే.

ప్రభుత్వమువారు చేయవలసిన దేమి? క్రొత్త చట్టమక్కఱలేదు. సోదా నివేదిక నకలును జతచేయని సంజాయిషీ నోటీసు చెల్లదని శాఖాధిపతి యొక సర్క్యులరు పంపిన చాలును. జవాబునకు మూడు దినములు గాక, తగిన గడువీయవలెను. ప్రాణాపాయము లేని తప్పులలో, ఉత్తరువు చేతి కందిన తరువాత కొన్ని దినములకు గాని నిలుపుదల యారంభము కారాదు. ఆలోపల దుకాణదారుడు అపీలు చేసికొనవచ్చును. అపీలును ఒక నియమిత కాలములో తేల్చవలెను. ఏడాది కొకమారైనను ప్రతి దుకాణమును తనిఖీ చేయవలెనని 51వ నియమము ఇన్‌స్పెక్టరులపై బాధ్యత పెట్టినది. ఆ తనిఖీలు క్రమముగా జరిగినచో, ఇట్టి హఠాత్ సోదాల యవసరమును, వానినుండి పుట్టు తొందరపాటు ఉత్తరువులును తగ్గును. ఇన్‌స్పెక్టరుల సంఖ్య చాలదందురా, పెంచుడు. మందుల దుకాణములకు లైసెన్సు లిచ్చునపుడు రుసుము పుచ్చుకొనుట మఱువని ప్రభుత్వము తనిఖీ చేయుటకు మనుష్యులు లేరనుట సమాధానము కాదు.

మన జిల్లా శాసనసభ్యులు వచ్చు సమావేశమున మంత్రిగారిని ఈ మూడు అంకెలు అడుగవలెనని కోరుచున్నాము. 66వ నియమము క్రింద గత మూడేండ్లలో రాష్ట్రమున ఎన్ని లైసెన్సులు నిలుపబడినవి? వానిలో ఎన్నింటిపై అపీలు వచ్చినది? నిలుపుదల గడువు ముగియకముందు ఎన్ని అపీళ్లు తేలినవి? జవాబు వచ్చిన నాడు జిల్లాల వారీగా దానిని ఈ పత్రికలో ప్రకటింతుము.